వినతిపత్రాల్లో గడిచే ఏళ్లు - కాలదోషం పట్టే హక్కులు

1967లో ఢిల్లీ పోలీసు సిబ్బంది పెద్దఎత్తున ఆందోళనకు దిగారు. అందులో పాల్గొన్నారన్న కారణంతో అనేకమంది కానిస్టేబుళ్లు ఉద్యోగాలు కోల్పోయారు. వారిలో కొందరిని తరువాత శాఖే తిరిగి విధుల్లోకి తీసుకుంది. మరికొందరు కోర్టుకెక్కి ఉద్యోగాలు దక్కించుకున్నారు. వారితో పాటే తొలగింపునకు గురైన ఒక కానిస్టేబుల్ మాత్రం 1989లో కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ (క్యాట్) గడప తొక్కారు. తోటివారికి దక్కిన న్యాయమే తనకూ దక్కాలన్నది ఆయన వాదన. 1992లో సుప్రీంకోర్టు ఆ వాదనను తోసిపుచ్చింది. 22 ఏళ్లు మిన్నకున్న వ్యక్తి, సకాలంలో పోరాడినవారితో తనను సమానంగా చూడాలని కోరజాలరని, సంతృప్తికరమైన వివరణ లేని ఇంతటి జాప్యమే పిటిషన్‌ను తిరస్కరించేందుకు చాలిన కారణమని న్యాయస్థానం అభిప్రాయపడింది.

తొలగింపు ఉత్తర్వులోని మంచిచెడ్డల కన్నా దానిని ప్రశ్నించిన తేదీయే ఇక్కడ ఫలితాన్ని నిర్ణయించింది. ప్రభుత్వోద్యోగ వివాదాల్లో ఇది అరుదైన సంఘటన కాదు. సర్వీసు కేసు విచారణకు రాగానే ప్రభుత్వ న్యాయవాది తరచుగా లేవనెత్తే మొదటి అభ్యంతరం జాప్యమే. ఆ అభ్యంతరం నెగ్గితే ఉద్యోగికి జరిగిన అన్యాయం ఎంతటిదన్న చర్చకే తావుండదు.

ఉద్యోగి ఆలస్యం చేయడానికి కారణాలు లేకపోలేదు. పై అధికారితో వైరం కొనితెచ్చుకోవడమెందుకన్న సంకోచం, రేపో మాపో ఫైలు కదులుతుందన్న ఆశ, సంఘం నాయకులు చూసుకుంటారన్న భరోసా, కోర్టు ఖర్చుల భయం - ఇవన్నీ కలిసి ఆయనను ఒక వినతిపత్రం తరువాత మరొకటి రాసేలా చేస్తాయి. కార్యాలయం నుంచి సమాధానం రాదు. ఆయన జ్ఞాపికలు పంపుతూనే ఉంటారు. తన వివాదం సజీవంగా ఉందనే ఆయన నమ్మకం. చట్టం దృష్టిలో మాత్రం అది ఏనాడో కాలదోషం పట్టిపోయి ఉంటుంది.

ఏడాది గడువు

కేంద్ర ప్రభుత్వోద్యోగుల వివాదాలకు ప్రత్యేక న్యాయవేదిక ఏర్పాటుకు 1976 నాటి 42వ రాజ్యాంగ సవరణ 323-ఎ అధికరణం ద్వారా మార్గం కల్పించింది. దానిని అనుసరించి 1985లో పరిపాలనా ట్రిబ్యునళ్ల చట్టం వచ్చింది. అదే ఏడాది నవంబరు 1న క్యాట్ ఏర్పాటైంది. హైకోర్టుల్లో పేరుకుపోయిన సర్వీసు కేసుల భారం తగ్గించడం, ఉద్యోగికి త్వరితంగా, తక్కువ ఖర్చుతో న్యాయం అందించడం దాని లక్ష్యాలు. అయితే త్వరితగతి అన్నది ట్రిబ్యునల్‌కే కాదు, ఉద్యోగికీ వర్తించే నియమమని చట్టంలోని 21వ సెక్షన్ స్పష్టం చేసింది.

ఆ సెక్షన్ ప్రకారం తుది ఉత్తర్వు వెలువడిన నాటి నుంచి ఏడాదిలోగా దరఖాస్తు దాఖలు కావాలి. సర్వీసు నిబంధనలు కల్పించిన శాఖాపరమైన మార్గాలను ముందుగా వినియోగించుకోవాలని 20వ సెక్షన్ చెబుతోంది. శాఖకు అప్పీలు లేదా వినతి సమర్పించి ఆరు నెలలు గడిచినా ఉత్తర్వు రానట్లయితే, ఆ ఆరు నెలలు ముగిసిన నాటి నుంచి ఏడాది వరకు గడువుంటుంది. ఉదాహరణకు 2024 జనవరి 10న అప్పీలు పెట్టుకున్న ఉద్యోగికి జూలై 10 వరకు ఏ జవాబూ రాలేదనుకుంటే, 2025 జూలై 10 నాటికి ఆయన ట్రిబ్యునల్‌ను ఆశ్రయించి తీరాలి. ఆ తరువాత శాఖకు ఎన్ని జ్ఞాపికలు పంపినా గడువు పెరగదు.

అప్పీలుకు సైతం పరిమితి ఉంది. కేంద్ర ఉద్యోగుల క్రమశిక్షణ నియమావళి (1965) ప్రకారం ఉత్తర్వు ప్రతి చేతికందిన 45 రోజుల్లోగా అప్పీలు చేసుకోవాలి. అందువల్ల క్రమశిక్షణ చర్యకు గురైన ఉద్యోగి విషయంలో గడియారం మొదటి రోజు నుంచే తిరగడం ఆరంభిస్తుంది.

న్యాయవేదికను బట్టి గడువు మారుతుంది. సివిల్ కోర్టులో దావా వేసేవారికి 1963 నాటి కాలపరిమితి చట్టం మూడేళ్ల వ్యవధినిస్తోంది. సైనిక దళాల ట్రిబ్యునల్‌కు 2007 నాటి చట్టం ఆరు నెలలే నిర్దేశించింది. 226వ అధికరణం కింద హైకోర్టులో దాఖలు చేసే రిట్ పిటిషన్‌కు చట్టం ఏ గడువునూ విధించలేదు. అంతమాత్రాన ఎప్పుడు వచ్చినా వింటారని కాదు. సహేతుక కాలంలో వచ్చారా లేదా అన్నది న్యాయమూర్తి విచక్షణకు లోబడి ఉంటుంది.

సీనియారిటీ వివాదాలపై కఠిన వైఖరి

జాప్యాన్ని న్యాయస్థానాలు ఎన్నడూ ఒకే కొలబద్దతో కొలవలేదు. సీనియారిటీ, పదోన్నతి వివాదాల్లో అవి అత్యంత కఠినంగా వ్యవహరించాయి. తమిళనాడులో ఒక అసిస్టెంట్ ఇంజనీరు తనకన్నా జూనియరైన వ్యక్తికి 1957లో నిబంధనలు సడలించి డివిజనల్ ఇంజనీరుగా పదోన్నతి ఇచ్చారని, తనకు అటువంటి సడలింపు ఇవ్వలేదని ఫిర్యాదు చేశారు. ఆయన కోర్టుకు వచ్చేసరికి 14 ఏళ్లు గడిచిపోయాయి. 1974లో సుప్రీంకోర్టు ఆ పిటిషన్‌ను తిరస్కరిస్తూ, జూనియర్‌కు లభించిన పదోన్నతిపై అభ్యంతరమున్నవారు ఆరు నెలల్లోగా, మహా అయితే ఏడాదిలోగా కోర్టును ఆశ్రయించాలని సూచించింది. ఆనాడు చెప్పిన ఈ కొలత అనంతర తీర్పుల్లో పలుమార్లు ప్రస్తావనకు వచ్చింది.

ఇంటెలిజెన్స్ బ్యూరో సిబ్బంది సీనియారిటీ జాబితాపై 18 ఏళ్ల అనంతరం తలెత్తిన వివాదంలో 1986లో వెలువడిన తీర్పు ఈ వైఖరికి గల కారణాన్ని వివరించింది. ఒక పదవిలో నియమితుడైన ఉద్యోగి మూడు నాలుగేళ్లు గడిచిన తరువాతనైనా తన స్థానానికి ముప్పు లేదన్న నిశ్చింతతో పనిచేసుకునే అవకాశం ఉండాలని అది పేర్కొంది. సీనియారిటీ జాబితా పేకమేడ వంటిది. అడుగున ఒక పేరును కదిపితే పైన ఉన్న పదోన్నతులన్నీ కదలిపోతాయి. ఈలోగా కొందరు పదవీ విరమణ చేసి ఉంటారు, కొందరు మరణించి ఉంటారు. తాము చేయని తప్పునకు వారు శిక్ష అనుభవించవలసి వస్తుంది. ఆలస్యంగా వచ్చినవారికి చేసే న్యాయం, కాలం మీద నమ్మకముంచి స్థిరపడినవారి పాలిట అన్యాయం కాకూడదన్నదే ఈ తీర్పుల సారాంశం.

దీనికి మినహాయింపులు సైతం లేకపోలేదు. పూర్వ హైదరాబాద్ రాష్ట్రంలో తహసీల్దార్లుగా పనిచేసి, 1956 నాటి రాష్ట్రాల పునర్వ్యవస్థీకరణలో బొంబాయి రాష్ట్రానికి కేటాయింపబడిన అధికారులు డిప్యూటీ కలెక్టర్ల పదోన్నతుల్లో తమకు వివక్ష జరిగిందంటూ పదేళ్లకు పైగా ఆలస్యంగా సుప్రీంకోర్టుకు వెళ్లారు. రాజ్యాంగ ధర్మాసనం ఆ జాప్యాన్ని అడ్డంకిగా పరిగణించలేదు. ఆలస్యమైతే వినరాదన్నది చట్టంలోని నియమం కాదని, విచక్షణతో పాటించవలసిన ఆచారం మాత్రమేనని అది స్పష్టం చేసింది. ఆ పదోన్నతులన్నీ తాత్కాలికమైనవి కావడంతో ఇతరులకు స్థిరమైన హక్కులేవీ ఏర్పడలేదన్నది ధర్మాసనం పరిగణించిన ముఖ్య కారణాల్లో ఒకటి.

చెల్లని ఉత్తర్వుకూ గడువు

బర్తరఫ్ ఉత్తర్వే చట్టవిరుద్ధమైనప్పుడు దానికి కాలపరిమితి ఎందుకన్న ప్రశ్న సహజంగానే తలెత్తుతుంది. పుట్టుకతోనే చెల్లని కాగితాన్ని ఎప్పుడైనా ప్రశ్నించవచ్చునని చాలామంది ఉద్యోగులు భావిస్తూ వచ్చారు. పంజాబ్ ప్రభుత్వానికి సంబంధించిన కేసులో 1991లో సుప్రీంకోర్టు ఆ భావనకు తెరదించింది. ఉత్తర్వు చెల్లదని తేల్చవలసినది న్యాయస్థానమే గనుక, ఆ ప్రకటన కోరే వ్యక్తి చట్టం నిర్దేశించిన మూడేళ్లలోగా రావలసిందేనని స్పష్టీకరించింది. గడువు దాటితే చెల్లని ఉత్తర్వే ఆచరణలో చెల్లుబాటవుతుందన్నమాట.

ఏ తేదీ నుంచి లెక్కించాలన్న అంశాన్ని 1989లో ఎస్.ఎస్. రాథోడ్ కేసులో ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం పరిష్కరించింది. మధ్యప్రదేశ్‌కు చెందిన ఒక ఉద్యోగిని 1966 జనవరిలో తొలగించగా, ఆయన అప్పీలును అదే ఏడాది ఆగస్టులో తిరస్కరించారు. ఆయన 1969 సెప్టెంబరులో దావా వేశారు. తొలగింపు తేదీ నుంచి లెక్కిస్తే దావాకు కాలదోషం పట్టినట్లే. నిబంధనలు కల్పించిన అప్పీలు తేలే వరకు వేచి ఉండడం ఉద్యోగి బాధ్యత గనుక, అప్పీలుపై తుది ఉత్తర్వు నాటి నుంచే గడువు మొదలవుతుందని ధర్మాసనం తీర్పు చెప్పింది. ఇది ఉద్యోగికి అనుకూలమైన భాగం. అదే తీర్పులో మరో హెచ్చరిక ఉంది. చట్టం గాని, నిబంధన గాని కల్పించని వినతిపత్రాలను పదేపదే సమర్పించడం వల్ల గడువు పొడిగింపు లభించదని అది తేల్చిచెప్పింది. సర్వీసు వివాదాల్లో కాలపరిమితి చర్చకు నేటికీ ఈ తీర్పే మూలస్తంభం.

ప్రతి నెలా పుట్టే వివాదం

వేతనం, పింఛను వ్యవహారాల్లో న్యాయస్థానాల దృక్పథం భిన్నంగా ఉంది. రైల్వే శాఖలో 1978లో చేరిన ఒక ఉద్యోగి తన వేతన నిర్ణయం తప్పుగా జరిగిందంటూ 1989లో క్యాట్‌ను ఆశ్రయించగా, కాలదోషం పట్టిందని ట్రిబ్యునల్ తిరస్కరించింది. 1995లో ఎం.ఆర్. గుప్తా కేసుగా ప్రసిద్ధమైన ఈ వివాదంలో సుప్రీంకోర్టు ఆ నిర్ణయాన్ని తప్పుపట్టింది. నిబంధనలకు విరుద్ధంగా లెక్కగట్టిన జీతం చేతికందిన ప్రతి నెలా ఉద్యోగికి కొత్తగా నష్టం జరుగుతున్నట్లేనని, ఆయన సర్వీసులో ఉన్నంతకాలం ఈ వివాదం సజీవమేనని పేర్కొంది. అయితే పాత బకాయిలు రాబట్టుకునే విషయంలో మాత్రం కాలపరిమితి వర్తిస్తుందని స్పష్టం చేసింది.

ఎంత బకాయి లభిస్తుందన్న ప్రశ్నకు 2008 నాటి తర్సేమ్ సింగ్ కేసు సమాధానమిచ్చింది. 1983లో అనారోగ్య కారణాలతో సైన్యం నుంచి వైదొలగిన ఒక సైనికుడు వైకల్య పింఛను కోసం 1999లో హైకోర్టుకు వెళ్లారు. 16 ఏళ్ల బకాయిలన్నీ చెల్లించాలని హైకోర్టు ధర్మాసనం ఆదేశించింది. సుప్రీంకోర్టు దానిని సవరించి, పిటిషన్ దాఖలు చేయడానికి ముందున్న మూడేళ్లకే బకాయిలను పరిమితం చేసింది. పింఛను హక్కు మిగిలింది, పదమూడేళ్ల సొమ్ము మాత్రం పోయింది. ఒక్కసారి జరిగి ముగిసిపోయిన అన్యాయానికి, నిరంతరం కొనసాగే అన్యాయానికి మధ్య గల ఈ భేదమే నేటికీ సర్వీసు కేసుల్లో గీటురాయి. కొనసాగే అన్యాయమైనా, దానిని సరిదిద్దితే ఇతరుల సీనియారిటీ దెబ్బతినే పక్షంలో జాప్యాన్ని మన్నించరాదని అదే తీర్పు పేర్కొంది.

'పరిశీలించండి' అన్న రెండు వాక్యాల ఉత్తర్వు

గడువు దాటిన వివాదాలను బ్రతికించుకునేందుకు కొంతకాలంగా ఒక దారి వాడుకలో ఉంది. ఉద్యోగి ఎన్నో ఏళ్ల తరువాత కొత్తగా వినతిపత్రం సమర్పిస్తారు. దానిని పరిశీలించేలా ఆదేశించాలని మాత్రమే కోర్టును కోరుతారు. అపాయం లేని అభ్యర్థనే కదా అని కోర్టు రెండు వాక్యాల ఉత్తర్వు ఇస్తుంది. అధికారి పరిశీలించి తిరస్కరిస్తారు. ఆ తిరస్కరణ తేదీని కొత్త వివాదానికి నాందిగా చూపి ఉద్యోగి మళ్లీ కోర్టుకు వస్తారు.

తమిళనాడు గనుల శాఖలో 1982లో ఉద్యోగం కోల్పోయిన ఒక వ్యక్తి 2000లో వినతిపత్రం సమర్పించడంతో మొదలైన సి. జాకబ్ కేసులో 2008లో సుప్రీంకోర్టు ఈ విధానాన్ని సవివరంగా విమర్శించింది. దశాబ్దాల నాటి వినతికి అధికారి జవాబిచ్చినంత మాత్రాన చచ్చిన వివాదానికి ప్రాణం రాదని, పరిశీలనకు ఆదేశించే ముందు అసలు వివాదం సజీవమో కాదో న్యాయస్థానాలు చూడాలని పేర్కొంది. 22 ఏళ్ల తరువాత పింఛను ఐచ్ఛికం కోరిన ఒక రైల్వే ఉద్యోగి కేసులో 2009లోనూ ఇదే సూత్రం పునరుద్ఘాటితమైంది. ఎదుటిపక్షం అభ్యంతరం చెప్పకున్నా గడువు అంశాన్ని ట్రిబ్యునలే స్వయంగా పరిశీలించాలని 2011లో మరో ఉత్తర్వు వెలువడింది.

తోటివాడు గెలిచిన తరువాత

సర్వీసు వివాదాల్లో తరచుగా కనిపించే మరో ధోరణి గట్టున కూర్చుని చూడడం. సహోద్యోగి కోర్టు ఖర్చులు భరించి పోరాడుతుంటే మిగిలినవారు ఫలితం కోసం వేచి ఉంటారు. ఆయన గెలిచిన మరునాడు అదే తీర్పును తమకూ వర్తింపజేయాలంటారు. ఉత్తరప్రదేశ్ ఆరోగ్య శాఖలో 1987లో రద్దయిన నియామకాలపై కొందరు వెంటనే ట్రిబ్యునల్‌కు వెళ్లి గెలిచారు. మరికొందరు ఏళ్ల తరువాత అదే ఉపశమనం కోరారు. 2014లో అరవింద్ కుమార్ శ్రీవాస్తవ కేసుగా వచ్చిన ఈ వివాదంలో సుప్రీంకోర్టు రెండు అంశాలను సమన్వయపరచింది. ఒకే స్థితిలో ఉన్న ఉద్యోగులందరికీ కోర్టు తీర్పు ఫలితాన్ని వర్తింపజేయడం సాధారణ నియమం. అన్యాయాన్ని ప్రశ్నించకుండా ఊరకుండి, ఇతరుల విజయం చూసి మేల్కొన్నవారికి అది వర్తించదు. తీర్పు ఉద్దేశమే అందరికీ మేలు చేయడమైతే, అడగకున్నా ప్రభుత్వమే దానిని అందరికీ అమలు చేయాలి.

ఈ చివరి మాటను ప్రభుత్వ శాఖలు అంతగా పట్టించుకున్న దాఖలాలు తక్కువ. ఒక ఉద్యోగి గెలిచిన తీర్పును ఆయనకే పరిమితం చేస్తూ, అదే స్థితిలో ఉన్న ప్రతి ఒక్కరినీ విడివిడిగా కోర్టుకు పంపడం శాఖల్లో రివాజుగా మారింది. ఆపైన ఆలస్యంగా వచ్చారన్న అభ్యంతరాన్నీ అవే శాఖలు లేవనెత్తుతాయి.

ప్రభుత్వానికి వర్తించని గడియారం

గడువుల చట్టం ఉద్యోగి నిర్లక్ష్యానికి మూల్యం నిర్ణయించింది. కార్యాలయ మౌనానికి మాత్రం ఏ మూల్యమూ లేదు. అప్పీలుపై ఆరు నెలల్లో నిర్ణయం తీసుకోని అధికారి ఎవరికీ జవాబుదారీ కారు. ఆ మౌనాన్ని తిరస్కరణగా భావించి కోర్టుకు వెళ్లవలసిన భారం ఉద్యోగిదే.

తెలుగువారికి తెలిసిన ఉదాహరణ 610 జీవో. తెలంగాణ ప్రాంతంలో నిబంధనలకు విరుద్ధంగా నియమితులైన స్థానికేతర ఉద్యోగులను వారి ప్రాంతాలకు పంపాలని ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1985 డిసెంబరు 30న ఈ ఉత్తర్వు జారీ చేసింది. 1986 మార్చి 31ని గడువుగా నిర్దేశించింది. ఆ గడువు దాటిన పదిహేనేళ్లకు, 2001లో, అమలు తీరును పరిశీలించేందుకు గిర్‌గ్లానీ ఏకసభ్య కమిషన్‌ను నియమించవలసి వచ్చింది. ఉద్యోగి ఏడాది దాటితే హక్కు పోతుంది. ప్రభుత్వం తానే విధించుకున్న గడువు దాటితే కమిషన్ వస్తుంది.

కోర్టులకు ఆలస్యంగా వచ్చే ప్రభుత్వాల పట్ల న్యాయస్థానాల ఓర్పు సైతం ఇటీవల సన్నగిల్లింది. మధ్యప్రదేశ్ ప్రభుత్వం 663 రోజుల జాప్యంతో దాఖలు చేసిన ఒక పిటిషన్‌ను 2020లో సుప్రీంకోర్టు తిరస్కరించి, న్యాయస్థానం సమయాన్ని వృథా చేసినందుకు 25,000 రూపాయల ఖర్చులు విధించింది. ఫైళ్లు బల్లల మీద నానడం ఆలస్యానికి సాకు కాజాలదని ఇటువంటి ఉత్తర్వులు చెబుతున్నాయి. ఉద్యోగి అప్పీలు నానిన ఫైలుకూ ఇదే న్యాయం వర్తింపజేయవలసి ఉంది.

ట్రిబ్యునల్ పుట్టుక, కనుమరుగు

సర్వీసు వివాదాల సత్వర పరిష్కారానికి ప్రత్యేక వేదిక ఉండాలన్న ఆలోచనకు తెలుగు నేలతో సన్నిహిత సంబంధముంది. ముల్కీ వివాదాలు, ప్రత్యేకోద్యమాల అనంతరం 1973లో కుదిరిన ఆరు సూత్రాల పథకంలో ఉన్నతాధికార ట్రిబ్యునల్ ఏర్పాటు ఒకటి. దానికి రాజ్యాంగబద్ధత కల్పిస్తూ 32వ సవరణ ద్వారా 371-డి అధికరణం వచ్చింది. 1976లో ఆంధ్రప్రదేశ్ పరిపాలనా ట్రిబ్యునల్ ఏర్పాటైంది. అంటే క్యాట్ కన్నా ఇది తొమ్మిదేళ్లు ముందు పుట్టిన సంస్థ. ట్రిబ్యునళ్లపై హైకోర్టుల అధికారాన్ని తొలగించడం చెల్లదని 1993లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు పూర్తి ధర్మాసనం తీర్పు చెప్పగా, 1997లో ఎల్. చంద్రకుమార్ కేసులో సుప్రీంకోర్టు ఏడుగురు సభ్యుల ధర్మాసనం అదే మార్గాన్ని ఖరారు చేసింది. రాష్ట్ర విభజన తరువాత ఉభయ రాష్ట్రాలూ ఈ ట్రిబ్యునల్‌ను వదులుకున్నాయి. వేలాది కేసులు తిరిగి హైకోర్టులకే చేరాయి.

దీనివల్ల తెలుగు రాష్ట్రాల ఉద్యోగికి ఏడాది గడువు తప్పిందనుకోవడం పొరపాటు. రిట్ పిటిషన్‌కు నిర్దిష్ట గడువు లేకపోయినా సహేతుక కాలమేదో ముందుగా చెప్పగలవారుండరు. సీనియారిటీ కేసుల్లో 1974 నాటి ఆరు నెలలు, ఏడాది కొలత ఎప్పుడైనా ఎదురుకావచ్చు.

పొరుగు దేశాల్లో గడువులు ఇంకా బిగువుగా ఉన్నాయి. పాకిస్తాన్‌లో 1973 నాటి సర్వీస్ ట్రిబ్యునళ్ల చట్టం తుది ఉత్తర్వు అందిన 30 రోజుల్లోగా అప్పీలు చేయాలంటుంది. అయితే శాఖాపరమైన అప్పీలుపై 90 రోజులు మాత్రమే వేచి ఉండమంటుంది. బంగ్లాదేశ్ 1980 నాటి చట్టంలో ఆరు నెలల గడువు పెట్టింది.

ఉభయులకూ గడువు కావాలి

ఆలస్యంగా వచ్చినా సకారణమని రుజువైతే మన్నించే అధికారం 21వ సెక్షన్ ట్రిబ్యునల్‌కు ఇచ్చింది. అయితే మన్నింపు కోరుతూ ప్రత్యేకంగా దరఖాస్తు పెట్టుకోనిదే కేసు మంచిచెడ్డల్లోకి వెళ్లరాదని 1999లో సుప్రీంకోర్టు పేర్కొంది. తీవ్ర అనారోగ్యం, ఉత్తర్వు ప్రతి అందకపోవడం వంటి కారణాలకు విలువ ఉంటుంది. అధికారులు ఆశ చూపారన్న వివరణకు ఆధారం ఉండాలి.

ఇతరుల స్థిరమైన హక్కులను కాపాడే కాలపరిమితి అవసరమే. దానిని సడలించాలని కోరడం సమంజసం కాదు. లోపం మరోచోట ఉంది. అప్పీలును ఆరు నెలలు నాన్చి ఊరకుండే అధికారికి బాధ్యత నిర్ణయించనంత కాలం, కారణాలు చూపే ఉత్తర్వును గడువులోగా ఇవ్వడం తప్పనిసరి చేయనంత కాలం చట్టం ఒంటికన్నుతోనే చూస్తుంది. తిరస్కరణ ఉత్తర్వు చివర ఎక్కడ, ఎన్నాళ్లలోగా ప్రశ్నించవచ్చో ఒక్క వాక్యం చేర్చినా ఎందరో ఉద్యోగులు గడువులోగా మేల్కొంటారు. అందుకు ఖజానాకు అయ్యే ఖర్చు శూన్యం.

అంతవరకు ఉద్యోగికి మిగిలిన రక్షణ తేదీలే. కేసు ట్రిబ్యునల్ నుంచి హైకోర్టుకు, అక్కడి నుంచి సుప్రీంకోర్టుకు వెళ్లేసరికి ఎన్నేళ్లు పడుతుందో ఆయన చేతిలో లేదు. ఉత్తర్వు ఏనాడు అందిందో రాసిపెట్టుకోవడం, అప్పీలుకు రసీదు తీసుకోవడం, ఆరు నెలలు ఏనాటితో ముగుస్తాయో లెక్కించుకోవడం మాత్రం ఆయన చేతిలోనే ఉన్నాయి. రెండో జ్ఞాపిక రాసేందుకు కాగితం తీసిన నాడే న్యాయవాదిని కలవడం మేలు.